కారు సర్వీస్ మనమే చేసుకుంటే ఎంత మిగులుతుంది?

ప్రశ్న: మాది అనంతపురం. బెంగళూరు కె.ఆర్.పురంలో ఉంటున్నాం. నా జీతం నెలకు 62 వేలు. 2014 స్విఫ్ట్ పెట్రోల్ కారు ఉంది, ఏడాదికి 7 వేల కిలోమీటర్లకు మించి తిరగదు. మొన్న సర్వీస్‌కు 11,400 బిల్లయింది. ఇకమీదట నేనే చేసుకుందామని ఆన్‌లైన్‌లో చూశాను. రిపేర్ మాన్యువల్ 3,500. జాక్, టార్క్ రెంచ్ (బోల్టు ఎంత బిగించామో చూపించే స్పానర్), సాకెట్ సెట్ కలిపి ఇంకో 16 వేలు. క్రెడిట్ కార్డు మీద ఈఎంఐ పెట్టేద్దామనుకుంటే మా ఆవిడ వద్దంటోంది. మీరేమంటారు?

జవాబు: మీ ఆవిడ చెప్పింది సగం కరెక్టు. మీకు మాన్యువల్ కావాలి, కాకపోతే మీరు కొనబోయేది కాదు.

బిల్లు ఫొటో కూడా పంపారు కాబట్టి పని సులువైంది. ఆయిల్, ఆయిల్ ఫిల్టర్ 2,600. ఎయిర్ ఫిల్టర్, ఏసీ ఫిల్టర్ 800. లేబర్ 2,100. వీల్ అలైన్‌మెంట్, బ్యాలెన్సింగ్ 900. ఇక్కడికి 6,400 అయింది. మిగతా 5,000 దేనికో చూడండి: ఇంజన్ ఫ్లష్ (లోపల కడగడం), ఇంజన్‌లోకి గాలి వెళ్లే థ్రాటిల్ బాడీ క్లీనింగ్, ఏసీ శానిటైజేషన్, ఎలుకలు రాకుండా స్ప్రే, డాష్‌బోర్డు పాలిష్.

మీరే చేసుకున్నా ఆయిలూ ఫిల్టర్లూ కొనక తప్పదు. అలైన్‌మెంట్‌కు మిషన్ ఉన్న షాపుకే వెళ్లాలి. మిగిలేది లేబరొక్కటే. బ్రేకులు ఎవరికైనా చూపించాలి కదా, దానికి కొంత తీసేస్తే ఏడాదికి 1,800 మిగిలితే గొప్ప. పెట్టుబడి 19,500. అది తిరిగి రావడానికి దాదాపు 11 ఏళ్లు పడుతుంది. మీ కారుకు 2029లోనే 15 ఏళ్లు నిండుతాయి.

ఆ 5,000 మాత్రం ఒక్క స్పానర్ కొనకుండానే మిగులుతుంది. కారుతో పాటు ఇచ్చిన ఓనర్స్ మాన్యువల్ గ్లవ్ బాక్సులో ఉందేమో చూడండి. పోయి ఉంటే కంపెనీ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతుందేమో చూసి, మీ మోడల్, సంవత్సరం సరిచూసి డౌన్‌లోడ్ చేసుకోండి. అందులో మెయింటెనెన్స్ షెడ్యూల్ అని ఒక టేబుల్ ఉంటుంది. ఎన్ని కిలోమీటర్లకు, ఎన్ని నెలలకు ఏం చేయాలో అందులో ఉంటుంది. ఆర్ అని ఉంటే మార్చాలి. ఐ అని ఉంటే చూడాలి, అవసరమైతేనే మార్చాలి. మనవాళ్లు చాలామంది ఆ పుస్తకాన్ని కారు అమ్మేటప్పుడు తప్ప బయటికి తీయరు! ఈసారి సర్వీస్ అడ్వైజర్ లిస్టు చదువుతుంటే ఆ పేజీ తెరిచి, ‘ఇది ఇందులో ఎక్కడుందో చూపించండి’ అని అడగండి. టేబుల్‌లో లేనిదానికి కారణం చెప్పమనండి. ఇంజన్ నిజంగా ఇబ్బంది పెడుతుంటే థ్రాటిల్ బాడీ క్లీనింగ్‌కు అర్థముంది. ఏటా అలవాటుగా చేయించడంలో అర్థం లేదు.

డబ్బు మిగలాలని ఆయిల్ మార్పు మాత్రం వాయిదా వేయకండి. 10 వేల కిలోమీటర్లు కాలేదు కదా అనుకోవద్దు, ఏడాది నిండితే మార్చాల్సిందే. అదే పుస్తకంలో కఠిన పరిస్థితుల్లో నడిపే కార్లకు వేరే టేబుల్ ఉంటుంది, దగ్గర దూరాలు, దుమ్ము దాని కిందికే వస్తాయి. సిల్క్ బోర్డ్ లాంటి ట్రాఫిక్ కూడలిలో నిలబడే కారుకు ఏ టేబుల్ వర్తిస్తుందో మీకే తెలుసు.

మీరు చూసిన 3,500 మాన్యువల్ వేరు. అది మెకానిక్‌ల కోసం రాసే వర్క్‌షాప్ మాన్యువల్. ఏ బోల్టు ఎంత బిగించాలో, ఏ వైరు ఎటు పోతుందో ఉంటుంది. మన దేశంలో దాన్ని కంపెనీలు బయటివాళ్లకు సులువుగా ఇవ్వవు. విడిభాగాలు, రిపేర్ సమాచారం బయటి గ్యారేజీలకు అందనివ్వడం లేదని, వ్యాపారాల్లో పోటీ సక్రమంగా ఉండేలా చూసే కాంపిటీషన్ కమిషన్ 2014 ఆగస్టులో 14 కార్ల కంపెనీలకు 2,544 కోట్ల జరిమానా వేసింది. కంపెనీలు అప్పీళ్లకు వెళ్లాయి. 2022 డిసెంబరులో కేంద్ర వినియోగదారుల శాఖ రిపేర్ సమాచారం ఒకేచోట దొరికేలా రైట్ టు రిపేర్ పోర్టల్ తెచ్చింది, అందులో కార్లూ ఉన్నాయి. డబ్బు కట్టే ముందు అక్కడ ఒకసారి వెతకండి. ఇంగ్లండ్‌లో 1960ల నుంచి హేన్స్ వాళ్లు మామూలు జనం కోసం ఇలాంటి పుస్తకాలు వేశారు గానీ, అవి అక్కడి కార్లకు రాసినవి. పేరు ఒకటే అయినా ఇంజన్ వేరే కావచ్చు. ఇంజన్ కోడ్ కలవకపోతే ఆ అంకెలు మీకు పనికిరావు. ఎవరో స్కాన్ చేసి అమ్మే పీడీఎఫ్‌కు కార్డు నంబరు ఇవ్వడం నాకసలు నచ్చదు.

చేతులకు పని కావాలంటే ఏసీ ఫిల్టరు, ఎయిర్ ఫిల్టరు, వైపర్లు, బల్బులు మీరే మార్చుకోండి. విడిభాగాల షాపులుండే జేసీ రోడ్‌కు పాత ఫిల్టరు పట్టుకెళ్తే అలాంటిదే ఇస్తారు, జీఎస్టీ బిల్లు అడిగి దాచుకోండి, రేపు కారు అమ్మేటప్పుడు పనికొస్తుంది. బ్రేకులు, ఎయిర్ బ్యాగుల జోలికి వెళ్లకండి. ఉత్త జాక్ మీద నిలబెట్టిన కారు కిందికి అసలే దూరకండి. పాత ఆయిల్ దించే డ్రెయిన్ బోల్టు సరిగా బిగియక ఆయిల్ కారిపోయి ఇంజన్ పట్టేస్తే మామూలు మోటార్ ఇన్సూరెన్స్ రూపాయి ఇవ్వదు, మెకానికల్ బ్రేక్‌డౌన్ అందులో కవర్ కాదు. మీ కారుకు వారంటీ ఎప్పుడో అయిపోయింది కాబట్టి, ఆయిలూ ఫిల్టరూ మీరే కొని నమ్మకమైన లోకల్ మెకానిక్‌కు లేబర్ ఇవ్వడం అన్నిటికన్నా చవక.

టూల్స్‌కు అనుకున్న ఈఎంఐ స్థానంలో నెలకు 1,500 ఆర్‌డీ (బ్యాంకులో నెలనెలా కట్టే డిపాజిట్) కట్టండి. టైర్లు, బ్యాటరీ, సర్వీసు అన్నీ అందులోంచే. 15 ఏళ్లు నిండాక ఆర్‌సీ రెన్యువల్ ఉంటుంది, ఆ కేంద్ర ఫీజు 2022 ఏప్రిల్‌లో 600 నుంచి 5,000 అయింది, ఫిట్‌నెస్ పరీక్షకు ముందు చేయించే రిపేర్లు వేరే. క్రెడిట్ కార్డు నో-కాస్ట్ ఈఎంఐ అన్నా ప్రాసెసింగ్ ఫీజు, దానిమీద జీఎస్టీ పడతాయి. ఎమర్జెన్సీ ఫండ్ గురించి మీరేమీ రాయలేదు. మూడు నెలల ఖర్చుకు సరిపడా లేకపోతే ఈ ఆర్‌డీ కన్నా ముందు అది మొదలుపెట్టండి.