పంపు పిడి దగ్గర కథ ఆపకు

తమ్ముడూ,

1854 లండన్ కలరా మీద నువ్వు రాసిన వ్యాసం చదివాను. విషయం మంచిది, శ్రద్ధగానే రాశావు. కానీ కలరా నీళ్ల ద్వారా వస్తుందని వాదించిన డాక్టర్ జాన్ స్నో నీ వ్యాసంలో మొదటి పేరాలోనే అన్నీ తెలిసినవాడిలా దిగిపోతాడు, చివర్లో జనం నీళ్లు పట్టుకునే బ్రాడ్ స్ట్రీట్ చేతిపంపు పిడి తీయించగానే చావులు టక్కున ఆగిపోతాయి. అలా జరగలేదు. సెప్టెంబర్ 8న పిడి తీసేనాటికే జబ్బు తగ్గుముఖం పట్టింది, చాలామంది అప్పటికే ఇళ్లు వదిలి పారిపోయారు. ఈ మాట దాచకుండా రాసింది కూడా స్నోయే. ఆయన మీద నాకు గౌరవం పెరిగింది అక్కడే, నువ్వేమో దాన్నే వదిలేశావు.

నన్నడిగితే ముందు బతికినవాళ్ల గురించి రాయి. పంపుకు దగ్గర్లోనే పేదల కోసం నడిపే వర్క్‌హౌస్‌లో 535 మంది ఉంటే కలరాతో పోయింది ఐదుగురే, ఎందుకంటే వాళ్లకు సొంత బావి ఉంది. పంపు ఉన్న వీధిలోనే బీరు తయారుచేసేచోట 70 మందికి పైగా పనివాళ్లలో ఒక్కరూ పోలేదు. వాళ్లు ఆ పంపు నీళ్ల జోలికే పోలేదు, తాగింది బీరే. చెడు గాలి వల్లే కలరా వస్తుందని అప్పటి డాక్టర్లలో చాలామంది నమ్మేవారు కదా, మరి ఆ గాలి వీళ్లనెందుకు వదిలేసింది? ఈ ప్రశ్న పాఠకుడికి తనంతట తనకే తట్టాలి, నువ్వు చెప్పకూడదు. ఆ తర్వాత హాంప్‌స్టెడ్‌కి తీసుకెళ్లు. చుట్టుపక్కల కలరా జాడే లేని చోట 59 ఏళ్లావిడ పోయింది. స్నో ఆవిడ కొడుకుని అడిగితే తెలిసింది, ఒకప్పుడు బ్రాడ్ స్ట్రీట్‌లో ఉన్న ఆవిడ ఆ నీళ్ల రుచి మరిగి రోజూ బండిమీద సీసాతో తెప్పించుకునేదని.

హెన్రీ వైట్‌హెడ్‌కి ఒక్క వాక్యం ఇచ్చావు, అది చాలదు. ఆయన ఆ పేటలో చర్చి పని చూసే మనిషి, స్నో మాట తప్పు అని తేల్చడానికే బయల్దేరాడు. అడిగిన ఇంటికే మళ్లీ మళ్లీ వెళ్లి అడిగాడు, చివరికి 40వ నంబరు ఇంట్లో పోయిన పసిపాప దగ్గర తేలాడు. పాప విరేచనాల గుడ్డలు నానబెట్టిన నీళ్లు తల్లి ఇంటిముందు మురుగుగుంటలో పోసేది. తవ్వి చూస్తే గుంట ఇటుకలు శిథిలమై ఉన్నాయి, పంపు బావికీ దానికీ మధ్య మూడడుగులు కూడా లేదు.

కలరా సూక్ష్మజీవిని తర్వాత గుర్తించిన రాబర్ట్ కోచ్ గురించిన పేరా తీసెయ్. 1884 నాటి జ్ఞానాన్ని స్నో చేతిలో పెడితే ఆయన పడ్డ కష్టం కనిపించదు. తిరగరాసి పంపు, స్నో పేరు రెండో పేజీలో వచ్చినా ఫర్వాలేదు.

మీ అన్న