ఆ తిట్టు ఎందుకు దాచావు?

చి. తమ్ముడికి,

మలయాళ సాహిత్యంలో తల్లీకొడుకుల మీద నువ్వు పంపిన వ్యాసం రాత్రి చదివాను. భాష బాగుంది. కానీ ‘మాతృమూర్తి’ అన్న మాట 14 సార్లు వచ్చింది. పెన్సిల్‌తో సున్నాలు చుట్టి మరీ లెక్కపెట్టాను.

అదైనా ఓర్చుకున్నాను. కవి వైలోప్పిళ్లి ‘మాంపళం’ (మామిడిపండు) దగ్గరకొచ్చేసరికి ఒళ్లు మండింది. 1936 నాటి ఆ కవితను ‘బిడ్డను పోగొట్టుకున్న తల్లి శోకం’ అని ఒక్క ముక్కలో తేల్చేశావు. అసలు సంగతేది? పండు రాలడానికి నాలుగు నెలల ముందు పిల్లాడు మామిడిపూత గుత్తి విరుచుకుని, కాకరపువ్వొత్తి వెలిగించినంత సంబరంగా అమ్మ దగ్గరకొస్తాడు. దెబ్బలు పడక నీకీ అల్లరి అని ఆవిడ కసురుతుంది. పళ్లేరడానికి నేను రాను పో అని వాడు గుత్తిని మట్టిలోకి విసిరేస్తాడు. నిజంగానే రాలేదు. మొదటి పండు రాలేసరికి వాడు లేడు. ఆ కసురు తీసేస్తే మిగిలేది ఉత్త ఏడుపు. నువ్వు తీసేశావు.

ఇడశ్శేరి కవిత ‘పూతప్పాట్టు’లో నంగేలి తన కొడుకును ఎత్తుకుపోయిన పూతానికి, అంటే భూతానికి, వాడి కోసం కళ్లు పెరికి ఇచ్చిందని పేజీలకు పేజీలు రాశావు. నాకు ఆవిడ చేతులే ముఖ్యం. పూతం మాయబిడ్డను తెచ్చి ఒళ్లో పెడితే, చూపులేని ఆ తల్లి తడిమి చూసి వీడు నావాడు కాదంటుంది. శపించబోతుంది. అప్పుడు గానీ అసలు బిడ్డ రాడు. ఆ కోపం గురించి నీ వ్యాసంలో ఒక్క వాక్యం లేదు. ఎం.టి. వాసుదేవన్ నాయర్ నవల ‘నాలుకెట్టు’లో కొడుకు అప్పుణ్ణి తల్లిని అనుమానించి ఇల్లు విడిచిపోతాడే, అదీ లేదు. భయపడ్డావా?

భయపెట్టేవాళ్లున్నారులే. నా మూడో కథలో తల్లి కొడుకును అట్లకాడతో వాతపెడుతుంది. మా అమ్మ నాకు పెట్టిందే, మోచేతి కింద మచ్చ ఇంకా ఉంది. ఒక ఎడిటర్‌గారు ‘తల్లి పాత్ర ఔన్నత్యం దెబ్బతింటుంది’ అని ఆ పేరా కోసేసి, రెండు కన్నీటిబొట్లు అతికించారు. అప్పటికి మదర్స్ డే సంచికల గోల లేదు, ఇప్పుడైతే బకెట్లే. పత్రిక వచ్చాక అమ్మకు చదివి వినిపించాను. అంతా విని, “వాత ఏదిరా? వెన్న రాశాను కదా, అదీ లేదే” అంది. వెన్న కూడా ఆ పేరాలోనే ఉంది మరి.

వైకం ముహమ్మద్ బషీర్ రాసిన ‘అమ్మ’ ఒక్కటీ బాగా పట్టుకున్నావు. ఎక్కడెక్కడో తిరిగి అర్ధరాత్రి దాటాక ఇల్లు చేరిన కొడుకు ముందు అన్నం పెడుతుంది. నేనొస్తానని నీకెలా తెలుసని అడిగితే, రోజూ వండి కూర్చుంటున్నానంటుంది. అక్కడ నువ్వు ఒక్క విశేషణం కూడా వాడలేదు.

ఏ పత్రికకు పంపాలి, ఏ పోటీకి పెట్టాలి అన్నవి నన్నడక్కు. వ్యాసం తిప్పి పంపుతున్నాను. మాంపళం పేరా మళ్లీ రాయి. రాసేముందు చిన్నప్పుడు నిన్ను దేనికి తిట్టిందో మీ అమ్మనడుగు.

మీ అన్నయ్య