ర్యాప్ మీద పీహెచ్‌డీ: మీ భయం పాటల గురించా, జీతం గురించా?

ప్రశ్న: మాది ఖమ్మం. మా అమ్మాయి హైదరాబాద్‌లో ఎంఏ ఇంగ్లిష్ రెండో సంవత్సరం చదువుతోంది. ర్యాప్ పాటలు, అమెరికా నల్లజాతి వాళ్ల అస్తిత్వం మీద పీహెచ్‌డీ చేస్తానని పట్టుబట్టింది. నేను విన్నంతవరకు ఆ పాటల్లో సగం బూతులే. వాటి మీద పరిశోధన ఏమిటో, డాక్టరేట్ ఎవరిస్తారో అర్థం కావట్లేదు. ఒక కన్సల్టెన్సీ వాళ్లు యూకేలో ఏడాది ఎంఏ కల్చరల్ స్టడీస్ చేయించమంటున్నారు. మా బావమరిది బీఈడీ చేయించమంటాడు. ప్రస్తుతానికి చుట్టాలకు సివిల్స్‌కి ప్రిపేర్ అవుతోందని చెప్పాం. ఈ మూడింట్లో ఏది మంచిదో పోల్చి చెప్పండి.

జవాబు: ఈ ప్రశ్న నాకు కొత్త కాదండీ. సినిమాల మీద, జానపదాల మీద, కామిక్స్ మీద పరిశోధన చేస్తామన్న పిల్లల తల్లిదండ్రులందరూ ఇలాగే రాస్తారు. ‘ఇదీ ఒక సబ్జెక్టేనా’ అని మొదలుపెడతారు, చివరికి ‘రేపు దీని బతుకేంటి’ అన్న దగ్గరికి వస్తారు. ఆ రెండో మాట మీరు రాయలేదు గానీ ఉత్తరం నిండా అదే ఉంది. దాని దగ్గరికి వస్తాను. ముందు మొదటిది తేల్చుకుందాం.

బూతుల మీద మీకొచ్చిన అనుమానంతో అమెరికాలో కోర్టు కేసే నడిచింది. 1990లో టూ లైవ్ క్రూ అనే ర్యాప్ బృందం ఆల్బమ్ అశ్లీలమని ఫ్లోరిడాలో ఒక ఫెడరల్ జడ్జి తీర్పిచ్చాడు. అయినా ఆ పాటలు స్టేజీ మీద పాడారని బృందంలో వాళ్లను అరెస్టు చేశారు. విచారణలో వాళ్ల తరఫున సాక్ష్యం చెప్పడానికి వచ్చింది ఒక సాహిత్య ఆచార్యుడు, హెన్రీ లూయిస్ గేట్స్ జూనియర్. నల్లజాతి వాళ్ల వాడుకలో తరతరాలుగా వస్తున్న వెటకారం, అతిశయోక్తి, ఎదుటివాణ్ణి మాటలతో పడగొట్టే ఆట తెలియకుండా ఈ పాటల్ని ఉన్నదున్నట్టు చదివితే తప్పర్థం వస్తుందని ఆయన వాదన. జ్యూరీ వాళ్లను నిర్దోషులని వదిలేసింది. అలాగని ఆ పాటలు ఆడవాళ్ల గురించి మాట్లాడే తీరు బాగుందని ఎవరూ అనరు. ఆ తీరును గట్టిగా నిలదీసినవాళ్లలో నల్లజాతి స్త్రీవాదులే ముందున్నారు. ర్యాప్‌ని ప్రేమిస్తూనే దానితో పోట్లాడటం ఎలాగో జోన్ మోర్గాన్ 1999లోనే రాసింది. మీ అమ్మాయికి ఈ రెండు వైపులా తెలిసే ఉంటాయి. ఒకసారి కూర్చోబెట్టి అడగండి. పరీక్ష పెట్టినట్టు కాదు, మామూలుగా.

ఇక డాక్టరేట్ ఎవరిస్తారని అడిగారు. ర్యాప్ మీద ట్రిషియా రోజ్ పుస్తకం ‘బ్లాక్ నాయిస్’ 1994లో వచ్చింది. అప్పటినుంచి ఇది పద్ధతిగా చదివే రంగమే. హార్వర్డ్‌లో 2002లో హిప్‌హాప్ (ర్యాప్ కూడా ఒక భాగమైన సంస్కృతి) ఆర్కైవ్, అంటే పాత రికార్డులు, కాగితాలు భద్రపరిచే చోటు, పెట్టారు. కార్నెల్ యూనివర్సిటీ లైబ్రరీలో 2007 నుంచి మరొకటి ఉంది, అందులో న్యూయార్క్‌లోని బ్రాంక్స్ పేటలో జరిగిన పార్టీల కోసం చేత్తో గీసిన కరపత్రాలు కూడా దాచారు. 2017లో ఎ.డి. కార్సన్ అనే విద్యార్థి క్లెమ్సన్ యూనివర్సిటీకి తన థీసిస్‌ను ఏకంగా ర్యాప్ ఆల్బమ్‌గా సమర్పించి, తర్వాత వర్జీనియా యూనివర్సిటీలో హిప్‌హాప్ ప్రొఫెసర్‌గా చేరాడు. ఆ మరుసటి ఏడాది ర్యాపర్ కెండ్రిక్ లమార్ ఆల్బమ్‌కి అమెరికాలో పెద్ద గౌరవమైన పులిట్జర్ బహుమతి వచ్చింది. కాబట్టి సబ్జెక్టుకు పరువు లేదన్న దిగులు వదిలేయండి.

ఇందులో చేసే పని ఎలా ఉంటుందో కాస్త చెబుతాను, ఎందుకంటే తల్లిదండ్రులు ‘పాటలు వినడం’ అనే అనుకుంటారు. 1973 ఆగస్టు 11న న్యూయార్క్ బ్రాంక్స్‌లో, 1520 సెడ్జ్‌విక్ అవెన్యూ అపార్ట్‌మెంట్‌లోని హాల్లో సిండీ క్యాంప్‌బెల్ అనే అమ్మాయి పార్టీ పెట్టింది. బడి తెరిచేలోపు కొత్త బట్టలు కొనుక్కోవడానికి డబ్బు కావాలి, అదీ కారణం. ఆడపిల్లలకు 25 సెంట్లు, మగపిల్లలకు 50 సెంట్లు అని కార్డుల మీద చేత్తో రాసి పంచారు. రికార్డులు వేసింది వాళ్లన్నయ్య, జమైకా నుంచి వచ్చిన డీజే కూల్ హెర్క్. పాటలో డ్రమ్ములు మాత్రమే మోగే కాస్త ముక్కను రికార్డులు తిప్పే రెండు టర్న్‌టేబుళ్ల మీద మార్చి మార్చి సాగదీయడం ఆయన పద్ధతి. ఆ సాగదీసిన ముక్క మీదే తర్వాత మాటలు చేరాయి, అదే ర్యాప్. పేదరికంలో, కాలిపోయిన ఇళ్ల మధ్య ఉన్న పేటలో ఇది ఎందుకు పుట్టింది, ప్రపంచమంతా తిరిగాక ఎవరి సొత్తు అయింది అన్నదే పరిశోధన.

బల్ల దగ్గర పని ఇంకా సన్నగా ఉంటుంది. ర్యాప్‌ను కాగితం మీద పెట్టేటప్పుడు వరుసను ఎక్కడ తెంచాలి? ప్రాస దగ్గరా, తాళంలో నాలుగో దెబ్బ దగ్గరా, పాడేవాడు ఊపిరి పీల్చిన చోటా? 2010లో యేల్ యూనివర్సిటీ ప్రెస్ ర్యాప్ సాహిత్యాన్ని పెద్ద సంకలనంగా వేస్తే, మాటలు తప్పు రాశారని విమర్శకులు దొరకబుచ్చుకుని మరీ ఏకిపారేశారు. ఆ యాస, ఆ పేట, ఆ కాలం తెలియకపోతే చెవికి ఒక మాట బదులు ఇంకొకటి వినిపిస్తుంది. మన శాసనాలు చదివేవాళ్లు చేసే పనికి ఇది చాలా దగ్గర. సాహిత్యంతో చుట్టరికం కూడా నిన్నటిది కాదు. నల్లజాతి కవి లాంగ్‌స్టన్ హ్యూస్ 1926లోనే తమవాళ్ల బ్లూస్ పాటల నడకను కవిత్వంలోకి తెచ్చాడు. ఆంజీ థామస్ 2017 నవల ‘ద హేట్ యు గివ్’ పేరు ర్యాపర్ టుపాక్ మాటల్లోంచి తీసుకున్నదే.

ఖమ్మం పిల్లకు ఈ గొడవ ఎందుకని మీరు అనుకోవచ్చు. అమెరికాలో బానిసలైన నల్లజాతి కుటుంబం కథ, అలెక్స్ హేలీ ‘రూట్స్’ని సహవాసి ‘ఏడు తరాలు’గా తెలుగు చేస్తే మన ఊళ్లలో చేతులు మారి మారి చదివారు. మీ ఇంట్లో ఎక్కడో ఒక కాపీ ఉన్నా ఆశ్చర్యం లేదు. ఉస్మానియా క్యాంపస్‌లో 1964లో పెట్టిన అమెరికన్ స్టడీస్ రీసెర్చ్ సెంటర్ లైబ్రరీ కోసం దేశం నలుమూలల నుంచీ పరిశోధకులు వచ్చేవాళ్లు. నల్లజాతి సాహిత్యం మీద మన దేశంలో పని చేసిన ఎంతోమంది అక్కడి బల్లల దగ్గర కూర్చున్నవాళ్లే.

ఇప్పుడు అసలు భయం. నాకూ కొన్ని అనుమానాలున్నాయి, దాచను.

ఈ రంగం ఫ్యాషన్ అయిన రోజులు చూశాం. 2020లో షికాగో యూనివర్సిటీ ఇంగ్లిష్ విభాగం ఆ విడత పీహెచ్‌డీకి బ్లాక్ స్టడీస్‌లో, అంటే నల్లజాతి వాళ్ల చరిత్ర, సాహిత్యం మీద, పని చేసేవాళ్లనే తీసుకుంటామని ప్రకటించింది. 2025లో అదే యూనివర్సిటీ హ్యుమానిటీస్‌లో చాలా విభాగాల పీహెచ్‌డీ ప్రవేశాలనే ఆపేసింది. మధ్యలో 2023లో ఫ్లోరిడా రాష్ట్రం స్కూళ్లలో ఆఫ్రికన్ అమెరికన్ స్టడీస్ అడ్వాన్స్‌డ్ కోర్సును వద్దంది. గాలి ఎటు వీస్తే అటు తలుపులు తెరుచుకుంటాయి, మూసుకుంటాయి. అక్కడ పీహెచ్‌డీ చేసిన అమెరికన్లకే పర్మనెంట్ ఉద్యోగాలు దొరకడం కష్టమైంది. కాబట్టి ‘అమెరికాలో ప్రొఫెసర్’ అనే ఒక్క దారి మీదే ఆశ పెట్టుకుని వెళ్లొద్దు. ఫీజు మాఫీ, స్టైపెండ్ ఇచ్చే పీహెచ్‌డీ సీటు వస్తే మాత్రం నిశ్చింతగా పంపండి. ఐదారేళ్లు ఎవరి డబ్బూ లేకుండా చదువుకుంటుంది, ఉద్యోగం సంగతి అప్పుడు చూసుకుంటుంది. మీ జేబులోంచి కట్టాల్సిన సీటైతే ఏ యూనివర్సిటీ పేరు చెప్పినా వద్దు.

యూకే ఎంఏ అయితే నాకు అస్సలు నచ్చలేదు. ఉన్న ఎంఏ మీద ఇంకో ఎంఏ ఎందుకు? ఫీజు, అద్దె, తిండి కలిపితే ముప్పై లక్షలు దాటడం మామూలే. చదువయ్యాక ఉండనిచ్చే రెండేళ్ల గడువును కూడా 18 నెలలకు కుదిస్తున్నామని వాళ్లు 2025లో ప్రకటించారు. కల్చరల్ స్టడీస్ డిగ్రీతో ఆ 18 నెలల్లో మీ లోను తీర్చే ఉద్యోగం వస్తుందని ఆ కన్సల్టెన్సీ కాగితం మీద రాసివ్వమనండి. ఇవ్వరు. వాళ్లకు కమిషన్ అడ్మిషన్‌తోనే వచ్చేస్తుంది.

బీఈడీ చెడ్డదేం కాదు, బడిలో పాఠం చెప్పాలన్న కోరిక ఉన్నవాళ్లకి. మీ అమ్మాయికి ఉందా అని మీ బావమరిది అడిగినట్టు లేదు.

ఇక మిమ్మల్ని కాస్త కోప్పడాలి. సివిల్స్ అని చుట్టాలకు చెప్పారు. రేపు ప్రతి పెళ్లిలోనూ ‘ప్రిలిమ్స్ ఏమైంది’ అని అడిగేది మిమ్మల్ని కాదు, ఆ పిల్లని. తన చదువు బయటికి చెప్పుకోలేనిదని ఇంట్లోనే తేల్చేశాక ఆమె ఏ ఇంటర్వ్యూలో ధైర్యంగా మాట్లాడుతుంది? ఎంఏలో చేరేదాకా కాదనలేదు కదా, ఇప్పుడు పాట పేరు వినగానే పరువు ఎందుకు గుర్తొచ్చింది? ఇంగ్లిష్ ఎంఏ చదువుతోంది, తర్వాత పీహెచ్‌డీ చేస్తానంటోంది అనండి చాలు. అది నిజం, అందరికీ అర్థమవుతుంది కూడా.

అలాగని ఆమెకు అంతా పూలబాటేనని అనను. డిగ్రీ కాలేజీ పోస్టుల నోటిఫికేషన్లు ఏళ్ల తరబడి రావు. ఇంజనీరింగ్ కాలేజీల్లో ఇంగ్లిష్ ఫ్యాకల్టీ అంటే కమ్యూనికేషన్ ల్యాబ్ చూసుకోవడమే, జీతమూ అంతంతే. కానీ ఈ ఇబ్బంది ర్యాప్ మీద చేసినా షేక్‌స్పియర్ మీద చేసినా ఒకటే. ఇంటర్వ్యూ బోర్డు నెట్ (కాలేజీ లెక్చరర్ల అర్హత పరీక్ష) ఉందా, పబ్లికేషన్స్ ఉన్నాయా, క్లాసు చెప్పగలదా అని చూస్తుంది. టాపిక్ పేరు విని ఒకరిద్దరు నవ్వొచ్చు, నవ్వనివ్వండి.

టాపిక్ గురించి ఆమెకు ఒక మాట చెప్పండి. ఇక్కడ చేరితే, దళిత పాటతో పోల్చమని చాలామంది గైడ్లు సలహా ఇస్తారు. అమెరికాలో నల్లజాతి వాళ్ల ఉద్యమ సంస్థ బ్లాక్ పాంథర్స్ స్ఫూర్తితో 1972లో ముంబయిలో దళిత్ పాంథర్స్ అనే సంస్థ పుట్టిన సంగతి తెలిసిందే, కాబట్టి ఆ పోలికకు ఆధారం ఉంది. కానీ అటు మూడు అధ్యాయాలు, ఇటు రెండు అధ్యాయాలు అతికించిన థీసిస్‌లు ఇప్పటికే కుప్పలుగా ఉన్నాయి. మన పాటను కూడా ర్యాప్ విన్నంత శ్రద్ధగా, వేదిక దగ్గర కూర్చుని విని ఉంటేనే ఆ పని పెట్టుకోవాలి. లేకపోతే ఒక్క వైపే లోతుగా చేయడం మేలు.

ఈ ఏడాది ముందు జేఆర్‌ఎఫ్ మీద, అంటే నెట్ పరీక్షలో మంచి మార్కులు వస్తే ఇచ్చే పరిశోధన ఫెలోషిప్ మీద, కూర్చోమనండి. నెలకు 37,000 ఫెలోషిప్ చేతిలో ఉంటే హైదరాబాద్‌లోనే మొదలుపెట్టొచ్చు, ఇంట్లో టెన్షన్ సగం తగ్గుతుంది. ఇక్కడ పీహెచ్‌డీ చేస్తూనే ఫుల్‌బ్రైట్-నెహ్రూ డాక్టోరల్ ఫెలోషిప్ మీద కొన్ని నెలలు అమెరికా వెళ్లి, ఆ ఆర్కైవ్‌లు చూసి రావచ్చు. నేనైతే ఈ దారికే ఓటేస్తాను. నేరుగా అమెరికాకే రాయాలనుకుంటే అప్లికేషన్లు చాలావరకు డిసెంబర్‌లో ముగుస్తాయి. అన్నిటికన్నా ముందు చదివేది రైటింగ్ శాంపిల్, అంటే ఇరవై పేజీల సొంత వ్యాసం. అది దసరాలోపు పూర్తయి, ఇద్దరు టీచర్లు చదివి దిద్ది ఉండాలి. ఆరేడు యూనివర్సిటీలకు మించి రాయక్కర్లేదు. అప్లికేషన్ ఫీజు మాఫీ చాలా చోట్ల ఉంటుంది, మొహమాటపడకుండా మెయిల్ పెట్టి అడగమనండి.