టీచర్ గారిని అడగండి: ఈ నెల అమెరికా అధ్యక్షుల సంగతులు

పోయిన సంచికలో ఒక ప్రశ్న వేశాను: అమెరికా అధ్యక్షుల్లో బట్టలు కుట్టి బతికినవారు ఎవరు అని. జవాబుల కంటే తిరుగు ప్రశ్నలే ఎక్కువ వచ్చాయి. అన్నీ చదివాను. చోటు ఉన్నంత వరకు కొన్నింటికి ఇక్కడ రాస్తున్నాను. విజయవాడలో 31 ఏళ్లు సోషల్ చెప్పాను. ఒక పేరూ ఒక సంవత్సరమూ చెప్పి వదిలేస్తే అది బిట్ అవుతుంది గానీ పాఠం కాదని నా నమ్మకం. అందుకే కొన్ని జవాబులు పొడుగ్గా ఉంటాయి.

ప్రశ్న: గ్రూప్-2కి చదువుతున్నాను మేడమ్. ట్రంప్ 47వ అధ్యక్షుడు అంటున్నారు. పేర్లు రాసుకుని లెక్కపెడితే 45 మందే వస్తున్నారు. ఎవరిని వదిలేశానో తెలియక టెన్షన్‌గా ఉంది.
— ఒక అభ్యర్థి, బెంజ్ సర్కిల్, విజయవాడ

నువ్వెవరినీ వదల్లేదు బాబూ. లెక్క సరిగ్గానే ఉంది. ఒకసారి దిగిపోయి, మధ్యలో ఇంకొకరు పాలించాక మళ్లీ గెలిచి వస్తే వాళ్లకు రెండో నంబరు ఇస్తారు. గ్రోవర్ క్లీవ్‌లాండ్ 1885 నుంచి 1889 దాకా 22వ అధ్యక్షుడు. ఆ తర్వాత బెంజమిన్ హారిసన్ 23. మళ్లీ 1893లో క్లీవ్‌లాండే 24. ట్రంప్ కూడా అంతే: 2017లో 45, బైడెన్ 46, 2025లో ట్రంప్ 47. ఇద్దరు రెండేసి సార్లు లెక్కలోకి వచ్చారు కాబట్టి నంబర్లు 47, మనుషులు 45. ఇంకొక సంగతి కూడా రాసిపెట్టుకో. వైట్‌హౌస్‌లోనే పెళ్లి చేసుకున్న అధ్యక్షుడు క్లీవ్‌లాండ్ ఒక్కడే, 1886లో.

ప్రశ్న: జార్జ్ వాషింగ్టన్‌వి కొయ్య పళ్లని మా తాతయ్య చెప్పారు. నిజమేనా?
— ఏడో తరగతి విద్యార్థిని, తెనాలి

కాదమ్మా. కట్టుడు పళ్లు మాత్రం నిజమే. 1789లో ప్రమాణం చేసే నాటికి ఆయన నోట్లో మిగిలిన సొంత పన్ను ఒక్కటే. ఆ సెట్లను నీటిగుర్రం దంతంతో, సీసంతో, మనుషుల పళ్లతో చేశారు. ఆ మనుషులెవరని కూడా అడగాలి. 1784లో ఆయన ఖాతా పుస్తకంలో నల్లజాతి బానిసల దగ్గర తొమ్మిది పళ్లు కొన్నట్టు పద్దు ఉంది. తాతయ్యకు ఇది కూడా చదివి వినిపించు.

ప్రశ్న: తెలుగు మీడియంలో చదివాను. ఇంటర్వ్యూలో ఇంగ్లిష్ అనగానే నోరు ఎండిపోతుంది. ఇంగ్లిష్ మాతృభాష కాని అమెరికా అధ్యక్షుడు ఎవరైనా ఉన్నారా?
— ఒక డిగ్రీ విద్యార్థి, మంగళగిరి

ఉన్నాడు. ఎనిమిదో అధ్యక్షుడు మార్టిన్ వాన్ బ్యూరెన్. న్యూయార్క్ రాష్ట్రంలోని కిండర్‌హుక్ అనే ఊళ్లో 1782లో పుట్టాడు. అది డచ్చివాళ్ల ఊరు. తండ్రి పూటకూళ్లు, మందు అమ్మే చిన్న సత్రం నడిపేవాడు. ఇంట్లో మాట్లాడేది డచ్చి భాషే, ఇంగ్లిష్ బడికి వెళ్లాక వచ్చింది. ఇంగ్లిష్‌ను రెండో భాషగా నేర్చుకుని అధ్యక్షుడైనవాడు ఇంతవరకు ఆయన ఒక్కడే. అలాంటి మనిషి లాయరై కోర్టులో వాదించాడు, సెనేట్‌లో మాట్లాడాడు. సత్రానికి వచ్చిపోయేవాళ్ల మాటలు చిన్నప్పటి నుంచీ చెవిన పడటం ఆయనకు చాలా పనికొచ్చిందని నేననుకుంటాను. రోజూ ఒక పేజీ పైకి చదువు నాయనా. గట్టిగా, గది తలుపు వేసుకునైనా సరే.

ప్రశ్న: రిటైరైన ఉద్యోగిని. పెన్షన్ మీదే బతుకుతున్నాను. అమెరికా అధ్యక్షులకు పెన్షన్ ఉంటుందా?
— గవర్నరుపేట, విజయవాడ

ఇప్పుడు ఉంది గానీ 1958 దాకా లేదండీ. ఆ ఏడాది వచ్చిన పెన్షన్ చట్టానికి, అంతకు ముందు అధ్యక్షుడిగా చేసిన హ్యారీ ట్రూమన్ సంగతి ఒక కారణం. అందుకే ఆయన గురించి కాస్త ఎక్కువ చెప్పాలి.

మొదటి ప్రపంచ యుద్ధం నుంచి వచ్చాక ట్రూమన్, సైన్యంలో పరిచయమైన స్నేహితుడు జాకబ్సన్ కలిసి 1919లో కాన్సస్ సిటీలో బట్టల షాపు పెట్టారు. చొక్కాలు, టైలు, టోపీలు అమ్మేవారు. మొదట్లో బేరాలు బాగానే సాగాయి. తర్వాత మాంద్యం వచ్చి, ఎక్కువ రేటుకు కొన్న సరుకు బీరువాల్లో ఉండిపోయింది. 1922లో షాపు మూసేశారు. కొన్నాళ్లకు భాగస్వామి, మన దగ్గర అంటామే, ఐపీ పెట్టాడు. ట్రూమన్ పెట్టలేదు. సెనేటర్ అయ్యే రోజుల దాకా, దాదాపు 15 ఏళ్లు ఆ అప్పులు తీరుస్తూనే ఉన్నాడు. ఇద్దరి స్నేహమూ చెడలేదు. నాకు ఆయన మీద గౌరవం ఎక్కడ మొదలైందంటే ఇక్కడే.

1953లో పదవి దిగి సొంతూరు ఇండిపెండెన్స్ వెళ్లినప్పుడు ఆయనకు వచ్చే పెన్షన్, సైన్యం తాలూకుది, నెలకు 112 డాలర్ల చిల్లర మాత్రమే. జీవిత కథ రాసి, దాని మీద డబ్బు సంపాదించుకున్నాడు. 1958 చట్టం మాజీ అధ్యక్షులకు ఏడాదికి 25,000 డాలర్లు ఇచ్చింది. 1965లో వృద్ధుల వైద్య బీమా, మెడికేర్, వచ్చినప్పుడు అధ్యక్షుడు లిండన్ జాన్సన్ ఇండిపెండెన్స్‌కే వెళ్లి, అక్కడే బిల్లు మీద సంతకం పెట్టాడు. మొదటి కార్డు కూడా ట్రూమన్‌కే ఇచ్చారు.

ప్రశ్న: అమెరికా అధ్యక్షుడికీ మన పొన్నూరుకీ ఏమైనా సంబంధం ఉందా?
— ఒక రైతు, పొన్నూరు

నేరుగా లేదు గానీ ఒక పేరు కలుస్తుంది. 2006 మార్చిలో జార్జ్ బుష్ హైదరాబాద్ వచ్చి ఆచార్య ఎన్.జి.రంగా వ్యవసాయ విశ్వవిద్యాలయానికి వెళ్లారు. రంగా గారిది మీ నిడుబ్రోలే. రాష్ట్రం విడిపోయాక ఆ ప్రాంగణం ప్రొఫెసర్ జయశంకర్ గారి పేరుతో తెలంగాణకు ఉండిపోయింది, రంగా గారి పేరున్న విశ్వవిద్యాలయం గుంటూరు పక్కన లాంకు వచ్చింది.

ప్రశ్న: మా నాన్న గుంటూరు కొత్తపేటలో టైలర్. మీరడిగిన దర్జీ అధ్యక్షుడి పేరు తెలియలేదు. నాన్నకు చెప్పాలి, వివరంగా రాయండి.
— ఒక ఇంటర్ విద్యార్థిని, గుంటూరు

ఆయన పేరు ఆండ్రూ జాన్సన్ తల్లీ. లింకన్‌ను కాల్చి చంపాక 1865 ఏప్రిల్‌లో 17వ అధ్యక్షుడైనవాడు.

1808లో నార్త్ కరోలినాలోని రాలీలో పుట్టాడు. మూడేళ్లకే తండ్రి పోయాడు. తల్లి నాలుగిళ్ల బట్టలు ఉతికి పోషించింది. బడి మొహం చూడలేదు. అన్ననూ ఆండ్రూనూ సెల్బీ అనే దర్జీ దగ్గర పనికి ఒప్పగించింది. 21 ఏళ్లు వచ్చేదాకా అక్కడే ఉండాలని కాగితం. ఆ కొట్లో ఒక మంచి అలవాటు ఉండేది. పనివాళ్లు కుడుతుంటే ఎవరో ఒకరు వచ్చి పుస్తకం చదివి వినిపించేవారు. ఒక ప్రసంగాల పుస్తకం వినీ వినీ ఆ పిల్లవాడు అక్షరాలు పట్టుకున్నాడు.

15 ఏళ్ల వయసులో అన్నతో కలిసి పారిపోయాడు. 1824లో సెల్బీ పత్రికలో ప్రకటన వేయించాడు: పట్టి తెచ్చినవారికి పది డాలర్లు. ఆండ్రూ చివరికి టెన్నెసీలోని గ్రీన్‌విల్ చేరి సొంతంగా కొట్టు పెట్టుకున్నాడు. 1827లో ఎలైజాను పెళ్లి చేసుకున్నాడు. ఆయనకు పద్దెనిమిది, ఆమెకు పదహారు. రాయడం, లెక్కలు సరిగ్గా నేర్పింది ఆ అమ్మాయే. ఆ కొట్టు గదిని చుట్టూ భవనం కట్టి ఇవాళ్టికీ కాపాడుతున్నారు.

మిగతాది కూడా నాన్నకు దాచకుండా చెప్పు. పైకి వచ్చాక ఆయన బానిసలను కొన్నాడు. అధ్యక్షుడిగా 1866లో, నల్లవారికి పౌర హక్కులిచ్చే బిల్లును తిరస్కరించాడు. దాని మీద కాంగ్రెస్, అంటే అమెరికా పార్లమెంటు, మళ్లీ ఓటు వేసి చట్టం చేసుకుంది. పట్టిస్తే డబ్బిస్తామని తన పేరే పత్రికలో చూసుకున్న మనిషి, పారిపోయే బానిసల బాధ ఎందుకు తెలుసుకోలేకపోయాడో నాకు ఇప్పటికీ మింగుడుపడదు. 1868లో పదవి నుంచి దించాలని అభిశంసన పెడితే సెనేట్‌లో ఒక్క ఓటు తేడాతో బయటపడ్డాడు.

మా నాన్న కూడా టైలరే. లాలాపేటలో చిన్న కొట్టు. స్కూలు అయ్యాక వెళ్లి కాజాలు కుట్టి, బొత్తాలు వేసేదాన్ని. మెడలో టేపు, చెవి మీద సుద్దముక్క పెట్టుకుని నాన్న మెషిన్ తొక్కుతుంటే పక్కన స్టూలు మీద కూర్చుని పేపరు చదివి వినిపించేదాన్ని. ఆయనకు చదువు రాదు. టీచర్ ట్రైనింగ్‌లో ఉండగా ఒక సాయంత్రం పేపరుకు బదులు ఈ జాన్సన్ కథ చదివాను. పది డాలర్ల ప్రకటన దగ్గరికి రాగానే మెషిన్ ఆగింది.

"ఆ డబ్బు ఎవరికైనా దక్కిందా అమ్మా?" అన్నారు.

లేదు నాన్నా, దొరకలేదు అన్నాను. తల ఊపి మళ్లీ మెషిన్ తొక్కారు.