గోల్ఫ్ లాంటి బోరు ఆటను గంటల తరబడి ఎలా చూస్తారండీ? అందులో నవ్వుకోవడానికి ఏముంటుంది?

"డబ్బున్నవాళ్లు గడ్డిలో నడుస్తుంటారు, టీవీలో ఒకాయన ఎవరో నిద్రపోతున్నట్టు గుసగుసగా మాట్లాడుతుంటాడు, ఇందులో చూడ్డానికి ఏముంది" అని అడిగారు. బంతిని మాత్రమే చూస్తే నిజంగానే ఏమీ లేదు. గాల్లోకి లేచాక అది చాలాసార్లు కనబడదు కూడా. కానీ పెళ్లికి వెళ్లేవాళ్లంతా మంత్రాలు వినడానికే వెళ్తారా? నేనూ గోల్ఫ్ చూసేది అక్కడి మనుషుల కోసమే.

ఈ ఆటకున్నంత పెద్దరికం ఇంకే ఆటకీ లేదు. అమెరికాలోని అగస్టాలో, గోల్ఫ్‌లోని నాలుగు పెద్ద టోర్నీల్లో ఒకటైన మాస్టర్స్ జరిగేటప్పుడు ఫోన్ లోపలికి తీసుకురాకూడదు, పరుగెత్తకూడదు, ప్రేక్షకుల్ని ప్రేక్షకులు అనకూడదు, పేట్రన్లు అనాలి. కేడీలందరికీ, అంటే ఆటగాళ్ల బ్యాగులు మోసే సహాయకులకి, తెల్ల ఓవరాల్స్. అందరూ ఇంత బిగుసుకుని ఉన్నచోట ఒకడి కాలు జారితే వచ్చే నవ్వు వేరు. క్రికెట్‌లో ఎవరైనా బూతు తిడితే మర్నాటికి మర్చిపోతాం. గోల్ఫ్‌లో ఒకాయన బూట్లు విప్పి కాలవలోకి దిగితే పాతికేళ్లయినా చెప్పుకుంటున్నారు. 1999 బ్రిటిష్ ఓపెన్‌లో ఫ్రాన్స్ ఆటగాడు జాన్ వాన్ డి వెల్డె చేసిన పని అదే. ఎంత తక్కువ దెబ్బల్లో ముగిస్తే అంత గొప్ప ఈ ఆటలో. ఆఖరి హోల్‌కి మూడు షాట్ల ఆధిక్యంతో వచ్చాడు, ఆరు కొట్టినా కప్పు ఆయనదే. ఏడు కొట్టి, సమానంగా నిలిచినవాళ్ల మధ్య మళ్లీ ఆడించే ప్లేఆఫ్‌లో ఓడిపోయాడు.

ఇప్పటివాళ్లలో నాకు బాగా నచ్చినవాడు స్కాటీ షెఫ్లర్. చాలాకాలంగా ప్రపంచ నంబర్ వన్. మనిషి ఎంత నెమ్మదస్తుడంటే, ఆయన గురించి రాయాల్సిన విలేకరుల మీద జాలేస్తుంది. గెలుస్తాడు, దేవుడికి థాంక్స్ చెబుతాడు, ఇంటికి వెళ్లిపోతాడు. అలాంటి మనిషిని 2024 మే 17న అమెరికాలోని లూయీవిల్ పోలీసులు బేడీలు వేసి తీసుకెళ్లారు. అక్కడ పీజీఏ ఛాంపియన్‌షిప్ అనే పెద్ద టోర్నీ రెండో రోజు. తెల్లవారుజామున గేటు దగ్గర జరిగిన ప్రమాదంలో ఒకాయన చనిపోయారు, రోడ్డంతా గందరగోళంగా ఉంది. ఆ చీకట్లో, వానలో, ఆపమంటే కారు ఆపలేదని ఈయన్ని పట్టుకున్నారు. ఆ చావు విషయంలో నవ్వడానికి ఏమీ లేదు. షెఫ్లర్ కూడా తన ప్రకటనలో ఆ కుటుంబానికి సంతాపం చెప్పాడు. నవ్వొచ్చేదంతా ఆ తర్వాత జరిగింది.

నారింజ రంగు జైలు చొక్కాలో ఫోటో దిగాడు. వేలిముద్రలు తీసుకుంటున్న ఆఫీసరు శాండ్‌విచ్ తింటావా అని అడిగితే, పొద్దున్నుంచి ఏమీ తినలేదు కదా అని సరే అన్నాడట. సెల్‌లో ఖాళీగా కూర్చోవడం ఎందుకని ఒళ్లు సాగదీసుకునే ఎక్సర్‌సైజులు మొదలుపెట్టాడు. బయటికొచ్చి, పది దాటాక ఆట మొదలుపెట్టి, 66 కొట్టాడు. అంటే పార్ (ఆ కోర్సుకి లెక్కగట్టిన దెబ్బలు) కంటే అయిదు తక్కువ. అప్పటికే జనంలో 'ఫ్రీ స్కాటీ' అని రాసిన టీషర్టులు కనబడ్డాయి. అంత పొద్దున్నే వాటిని ఎవరు అచ్చు వేయించారో గానీ వాళ్ల వ్యాపార దక్షతకి దండం పెట్టాలి. నెలాఖరులోపు కేసు కొట్టేశారు. నాకు ఓఆర్ఆర్ టోల్‌గేట్ దగ్గర ఫాస్టాగ్ పనిచేయకపోతేనే ఆ రోజంతా పని మీద మనసు నిలవదు. ఈయన జైలు నుంచి నేరుగా వచ్చి బర్డీలు (ఒక హోల్‌కి పార్ కంటే ఒక దెబ్బ తక్కువ) కొట్టాడు.

అదే ఏడాది క్రిస్మస్‌కి ఇంకో ముచ్చట. ఇంట్లో రావియోలీ చేస్తున్నాడు. ఇటలీవాళ్ల వంటకం, పిండి పొరల మధ్య కూరు పెట్టి ఉడకబెడతారు, మన కజ్జికాయకి దూరపు చుట్టం అనుకోవచ్చు. ఆ పనిలో వైన్ గ్లాసు మీద చెయ్యి పెట్టి నొక్కితే గ్లాసు పగిలింది. గాజుముక్కలు కుడి అరచేతిలో దిగాయి, ఆపరేషన్ చేయాల్సొచ్చింది, సీజన్ మొదటి టోర్నీలు పోయాయి. ప్రపంచంలోకెల్లా ఖరీదైన చేతుల్లో ఒకదాన్ని పండగపూట పిండిముద్ద దెబ్బకొట్టింది! మాస్టర్స్‌లో ఒక ఆచారముంది: కిందటేడు గెలిచినవాడు పాత విజేతలందరికీ విందు ఇవ్వాలి, మెనూ కూడా తనే నిర్ణయించాలి. 2025 విందులో షెఫ్లర్ ఏం పెట్టించాడో తెలుసా? రావియోలీ. గట్టిగా నవ్వడు గానీ లోపల బోలెడంత వెటకారం ఉన్న మనిషి.

ఇక మనవాడు, సాహిత్ తీగల. కాలిఫోర్నియాలో పుట్టి పెరిగిన తెలుగింటి అబ్బాయి. నేను గోల్ఫ్ పిచ్చిలో పడ్డది ఇతని వల్లే. అప్పట్లో ఉద్యోగం కోసం ఆరిజోనాలో, చాండ్లర్‌లో ఉండేవాణ్ణి. 2022 ఫిబ్రవరి ఫీనిక్స్ ఓపెన్ ఆఖరి రోజుకి మా కొలీగ్ టికెట్లు తెచ్చాడు. నెల్లూరు నుంచి వచ్చిన వాళ్ల నాన్నగారిని కూడా వెంటబెట్టుకుని బయల్దేరాం.

పైన చెప్పిన పెద్దరికమంతా ఈ టోర్నీ గేటు దగ్గరే వదిలేస్తారు. పదహారో హోల్ చుట్టూ స్టేడియంలాగా స్టాండ్లు కట్టేస్తారు, బంతి గ్రీన్ (హోల్ చుట్టూ ఉండే నున్నటి గడ్డి) మీద పడకపోతే గోల గోలగా ఎగతాళి చేస్తారు. మేం కూర్చున్నాక మెక్సికోకి చెందిన కార్లోస్ ఓర్టిజ్ ఒకే దెబ్బకి బంతిని హోల్‌లో వేశాడు. ఒక్క క్షణం ఏం జరిగిందో అర్థం కాలేదు, మరుక్షణం నాలుగు వైపుల నుంచీ బీరు కప్పులు, డబ్బాలు గాల్లోకి లేచాయి. మాకు పై వరుసలో ఉన్నవాడి బీరంతా అంకుల్ కొత్త స్వెటర్ మీద పడింది. ఆయన జన్మలో మందు ముట్టని మనిషి. స్వెటర్ వాసన చూసుకుని, "ఈ కంపుతో ఇంటికి పోతే మీ ఆంటీ తలుపు తీయదు బాబూ" అన్నారు.

తర్వాత పక్కనే ఉన్న పదిహేడో హోల్ దగ్గరికి వెళ్లాం. సాహిత్‌కి పీజీఏ టూర్‌లో (అమెరికాలో ప్రొఫెషనల్స్ ఆడే పెద్ద టోర్నీల వరస) అది మొదటి సీజన్, నిర్వాహకులు పిలిచి చోటిస్తే ఆడుతున్నాడు. అయినా ఆఖరి రోజు సాయంత్రానికి గెలుపు రేసులో ముందు వరుసలోనే ఉన్నాడు. జనమంతా మన ఇంటిపేరుని వాళ్ల నోటికొచ్చినట్టు పలుకుతూ కేకలు పెడుతున్నారు. ఆ హోల్ పొట్టిది, గట్టిగా కొడితే ఒకే దెబ్బకి గ్రీన్ చేరొచ్చు, ఎడమవైపు నీళ్లు. వాలంటీర్లు 'నిశ్శబ్దం' బోర్డులు పైకెత్తారు. అంత గోలా ఠక్కున ఆగిపోయేసరికి అంకుల్ నా చెవిలో, "ఏమైంది, ఎవరన్నా పోయారా? అందరూ గమ్మునయిపోయారు" అన్నారు. నవ్వు ఆపుకోలేక చచ్చాను. ఈలోగా సాహిత్ కొట్టేశాడు. బంతి చక్కగా గ్రీన్ వైపే వచ్చి, ముందున్న మిట్ట మీద పడి, ఎడమకి తిరిగి నీళ్లలోకి దొర్లిపోయింది. ఒక్క షాట్ తేడాతో ప్లేఆఫ్ పోయింది. ఆట అయ్యాక అమ్మానాన్నల్ని పట్టుకుని ఏడ్చేశాడు. "బాగానే కొట్టాడు పిల్లోడు, నేలే తోసేసింది" అని అంకుల్ కారు ఎక్కేదాకా అంటూనే ఉన్నారు. తర్వాత టీవీలో ఎంతమంది నిపుణులు ఎంత వివరంగా చెప్పినా అంతకంటే సరైన మాట నేను వినలేదు. (ఆ రోజు ప్లేఆఫ్‌లో గెలిచినవాడు షెఫ్లర్, ఆ టూర్‌లో అతని మొదటి గెలుపు.)

సాహిత్ వాళ్ల నాన్న మురళీధర్ గారిని కూడా టీవీలో చూసి తీరాలి. అందరూ చేతివేళ్లతో చప్పట్లు కొడుతుంటే ఆయన గొంతు చించుకుని అరుస్తారు. స్కూల్ ఆన్యువల్ డే రోజు ముందు వరుసలో కూర్చునే నాన్నలు ఎలా ఉంటారో మీకు తెలుసుగా, అచ్చం అలాగే. 2023 సెప్టెంబర్‌లో నాపా దగ్గర కొడుకు మొదటిసారి గెలిచినప్పుడు ఆ ఇంటిల్లిపాది సంబరం చూస్తే గోల్ఫ్ తెలియనివాళ్లకి కూడా కళ్లు చెమర్చేవి.

ఇతని గురించి నేను అందరికీ చెప్పే కథ మాత్రం వేరే. 2024లో అట్లాంటాలో టూర్ ఛాంపియన్‌షిప్, మూడో రోజు. బంతి ఇసుక బంకర్లో పడింది. బంతి కొట్టడానికి క్లబ్ (గోల్ఫ్ కర్ర) వెనక్కి తీసేటప్పుడు ఇసుకని తాకకూడదన్నది రూల్. తాకిందని సాహిత్‌కి అనిపించింది. ఎవరూ చూడలేదు, వీడియోలో చూసినా స్పష్టంగా తెలియలేదు. తనే అధికారిని పిలిచి చెప్పి రెండు షాట్ల పెనాల్టీ వేయించుకున్నాడు. చివరికి రెండో స్థానానికి సరిగ్గా రెండు షాట్ల దూరంలో మూడోవాడయ్యాడు, 75 లక్షల డాలర్లు వచ్చాయి. ఆ రెండు షాట్లూ లేకపోతే రెండో స్థానం పంచుకుని కోటి డాలర్లు పట్టుకెళ్లేవాడు. అంటే రెండు మూడు ఇసుక రేణువుల ఖరీదు మన లెక్కలో సుమారు 20 కోట్లు. ఈ సంగతి చెబితే మా బావమరిది, "తప్పు ఎవరూ చూడనప్పుడు చెప్పడం దేనికి?" అన్నాడు. ఆయన రియల్ ఎస్టేట్‌లో ఉన్నాడు లెండి.

మిగతావాళ్ల సంగతి గబగబా చెప్పేస్తాను. బ్రైసన్ డెషాంబో ఫిజిక్స్ చదివాడు, అది మనల్ని మర్చిపోనివ్వడు. బంతి బరువు సమంగా ఉందో లేదో చూడ్డానికి ఎప్సమ్ సాల్ట్ కలిపిన నీళ్లలో తేలుస్తాడు. 2024లో తన ఇంటి మీదుగా అవతల ఉన్న హోల్‌లోకి ఒక్క దెబ్బకి వేస్తానని పంతం పట్టి, రోజూ వీడియో పెడుతూ పదహారో రోజున వేశాడు. ఆ రోజుల్లో ఇరుగుపొరుగువాళ్లు ఎలా నిద్రపోయారో! జాన్ డేలీ పూర్తిగా వేరే జాతి. 1991 పీజీఏ ఛాంపియన్‌షిప్‌కి వెయిటింగ్ లిస్టులో తొమ్మిదోవాడు. ముందున్నవాళ్లు ఒక్కొక్కరే తప్పుకుంటుంటే రాత్రికి రాత్రి కారు నడుపుకుంటూ వెళ్లి, ప్రాక్టీస్ కూడా లేకుండా దిగి కప్పు కొట్టేశాడు. వెయిటింగ్ లిస్టు కన్ఫర్మ్ అయినందుకే మనం స్వీట్లు పంచుతాం.

రోరీ మెకల్రాయ్ గురించి పత్రికలన్నీ రాసేది 2025 మాస్టర్స్ గెలుపు గురించే. పదకొండేళ్లుగా ఎదురుచూసిన ఆ గెలుపుతో నాలుగు పెద్ద కప్పులూ పూర్తిచేసి గ్రీన్ మీద మోకాళ్ల మీద పడి ఏడ్చాడు. నాకు మాత్రం 2012 రైడర్ కప్ (యూరప్, అమెరికా జట్ల మధ్య పోటీ) రోరీయే ఎక్కువ ఇష్టం. అక్కడ ఆఖరి రోజు టైమ్ జోన్ తికమకలో, ఇంకా గంట టైముందనుకుని హోటల్లోనే ఉండిపోయాడు. పోలీసు కారులో గేటు దాకా తెచ్చి దింపితే, సరిగ్గా వార్మప్ కూడా లేకుండా వెళ్లి మ్యాచ్ గెలిచాడు. అమెరికా క్లయింటుతో మీటింగులున్న ప్రతి తెలుగువాడికీ ఆ బాధ తెలుసు.

సౌదీ డబ్బుతో పీజీఏ టూర్‌కి పోటీగా మొదలైన లివ్ గోల్ఫ్ గొడవ మీద నాకు ఆసక్తి లేదు. కోటీశ్వరులు ఇంకో కోటి కోసం అలగడం, కోర్టుకెళ్లడం, మళ్లీ చేతులు కలపడం. ఆస్తి తగాదాలు మన ఇళ్లల్లో బోలెడు చూశాం.

మనవాళ్లకి గోల్ఫ్ పిచ్చి పట్టిన రోజు కూడా ఒకటుంది. 2021 ఆగస్టు 7, శనివారం పొద్దున, టోక్యో ఒలింపిక్స్. మన గోల్ఫర్ అదితి అశోక్ మూడు రోజుల ఆట అయ్యేసరికి రెండో స్థానంలో ఉంది. అంతకుముందు మా ఫ్యామిలీ గ్రూపులో గుడ్ మార్నింగ్ పువ్వులు తప్ప ఏమీ వచ్చేవి కావు. ఆ రోజు మా పిన్ని, "ఆ అమ్మాయికి నంబర్ తక్కువొస్తే మంచిదా ఎక్కువొస్తే మంచిదా? త్వరగా చెప్పు, దేవుడి దగ్గర కూర్చున్నాను" అని మెసేజ్ పెట్టింది. వాన వచ్చి నాలుగో రోజు ఆట రద్దయితే మూడు రోజుల లెక్క ప్రకారం వెండి పతకం మనదేనని టీవీలో చెప్పారు. అంతే, అప్పటిదాకా వానలతో విసిగిపోయినవాళ్లు కూడా జపాన్‌లో వాన కోసం మొక్కడం మొదలుపెట్టారు. మొక్కు సగమే ఫలించింది. వాన వచ్చింది, కాసేపు ఆట ఆగింది, మళ్లీ మొదలైంది. ఒకే ఒక్క షాట్ తేడాతో అదితి నాలుగో స్థానంలో ఆగిపోయింది. సాయంత్రానికి నీరజ్ చోప్రా బంగారం తెచ్చేసరికి పిన్ని జావెలిన్ రూల్స్ అడగడం మొదలుపెట్టింది.

మీరు చూడాలనుకుంటే నాలుగు రోజులూ కూర్చోకండి, నేనూ కూర్చోను. ఏప్రిల్‌లో మాస్టర్స్ ఆఖరి రోజు, మనకి ఆదివారం అర్ధరాత్రి దాటాక మొదలుపెట్టి, చివరి తొమ్మిది హోల్స్ చూడండి. పన్నెండో హోల్ పొట్టిది, ముందు చిన్న వాగు. మహామహులు బంతిని అందులో వేసి, కేడీ వైపు తిరిగి "గాలి" అంటారు. ఆ ముఖాలు చూడండి. సోమవారం పొద్దున మీటింగ్ ఉంటే మాత్రం కెమెరా ఆఫ్‌లో పెట్టుకోండి.