అడవి కెమెరా కోసం 14 లక్షల అప్పు చేయొచ్చా?

ప్రశ్న: హనుమకొండలో ఆరేళ్లుగా పెళ్లిళ్ల వీడియోలు తీస్తున్నాను. వయసు 29. ఏడాదికి 7 లక్షల దాకా వస్తాయి, ఇంటి ఖర్చు నెలకు 25 వేలు, బ్యాంకులో మూడున్నర లక్షలు ఉన్నాయి. వన్యప్రాణి డాక్యుమెంటరీలకు మారాలని ఉంది. నాన్న భూమి తాకట్టు పెట్టి కెమెరా, దూరంలోని జంతువుల్ని దగ్గరగా చూపే 600 ఎంఎం లెన్స్ కొందామనుకుంటున్నా. సరైనదేనా?

జవాబు: అడవికి పొండి, అప్పు మాత్రం చేయకండి. 14 లక్షలు 12 శాతం వడ్డీకి ఐదేళ్లకు తీసుకుంటే ఈఎంఐ నెలకు 31 వేల పైమాటే, అంటే పని ఉన్నా లేకున్నా నెల తిరిగేసరికి మీకు 56 వేలు కావాలి, మూడున్నర లక్షలు ఆరు నెలలకే ఐపోతాయి. ఈఎంఐ లేకపోతే అవే డబ్బులతో 14 నెలలు ఇల్లు నడుస్తుంది. ఈ పనిలో అసలు పెట్టుబడి ఓపిగ్గా కూర్చునే రోజులే, లెన్స్ కాదు. ఒక్క షాట్ కోసం పది రోజులు ఎదురుచూసి ఖాళీ చేతులతో వచ్చేవాళ్లుంటారు. కిస్తీ తేదీ దగ్గరపడుతుంటే అట్ల కూర్చోలేరు, ఫోన్ మోగగానే మళ్లీ పెళ్లికే పోతారు.

లెన్స్ హైదరాబాద్‌లో అద్దెకు దొరుకుతుంది, తీసుకోండి. మన పంచాంగం కూడా మీకు కలిసొస్తుంది. పుష్యమాసంలో ముహూర్తాలుండవు, సరిగ్గా అప్పుడే చెరువుల మీద చలికాలం పక్షులుంటాయి. పొద్దున్నే పాకాల చెరువు గట్టు మీద మంచు విడిచే వేళకు లెన్స్ పట్టుకుని కూర్చోండి. చిక్కల్లా వైశాఖంలోనే: నీళ్లు ఎండి జంతువులు కుంటల దగ్గరికొచ్చే రోజులు, పెళ్లిళ్లు ముమ్మరంగా ఉండే రోజులు ఒకటే. ఏటా అప్పుడు రెండు మూడు ఆర్డర్లు వదులుకోండి, ఆ నష్టాన్ని చదువు ఫీజు అనుకోండి. అభయారణ్యంలో సినిమా తీయాలంటే అటవీశాఖ అనుమతి తప్పనిసరి, ఆ ఫీజులూ లెక్కలో వేసుకోండి.

పెద్ద యూనిట్లలో అసిస్టెంటుగా చేరే అవకాశమొస్తే జీతం తక్కువైనా వెళ్లండి, అక్కడ కెమెరా వాళ్లదే. పులుల చిత్రాలతో పేరు తెచ్చుకున్న ఎస్. నల్లముత్తు గారు కూడా మొదట్లో ఇస్రోలో కెమెరామన్‌గా ఉద్యోగం చేసినవారే.

ఇంకో మాట. టర్మ్ పాలసీతో (మనిషి పోతేనే డబ్బిచ్చే బీమా) పాటు వ్యక్తిగత ప్రమాద బీమా తీసుకోండి. కాలు విరిగి ఆర్నెల్లు మంచంలో ఉంటే టర్మ్ పాలసీ పైసా ఇవ్వదు. ఇప్పుడున్న కెమెరాకూ బీమా చేయించండి, దొంగతనం, ప్రయాణంలో దెబ్బతినడం అందులో ఉన్నాయో లేదో చదివి సంతకం పెట్టండి. కంపెనీలు మీ ఫీజులో 10 శాతం టీడీఎస్ (ముందే పట్టుకునే ఆదాయపు పన్ను) కోస్తే రిటర్న్ వేసి, కట్టాల్సిన పన్ను పోను మిగిలింది వెనక్కి తెచ్చుకోండి. చాలామంది కెమెరామన్లు ఆ డబ్బు వదిలేస్తున్నారు, చూస్తే బాధేస్తుంది.

రెండేళ్ల తర్వాత డాక్యుమెంటరీల మీదే ఏడాదికి మూడు లక్షలు వస్తుంటే అప్పుడు లెన్స్ కొనండి, మీ సొంత డబ్బుతో. నాన్న భూమి పాస్‌బుక్కు బీరువాలోనే ఉండనివ్వండి.