గొరిల్లాకి హెల్మెట్ ఎందుకు పెట్టారు?

అమ్మాయీ,

నీ ఉత్తరం, దాంతో పంపిన మూడు వ్యాసాలూ అందాయి. అట్ట రాకెట్లు, రబ్బరు రాక్షసులు ఉన్న పాత అమెరికన్ సైన్స్ ఫిక్షన్ సినిమాల మీద తెలుగులో హాస్యం రాద్దామన్న ఆలోచనే నాకు ముచ్చటగా అనిపించింది. మూడూ రెండేసిసార్లు చదివాను. రెండుచోట్ల పైకే నవ్వాను. మిగతాచోట్ల నవ్వు రాలేదు. నీకు హాస్యం రాక కాదు, సినిమా సరిగ్గా చూడక.

‘రోబోట్ మాన్‌స్టర్’ గురించి నువ్వు రాసిన వాక్యమే తీసుకో. "గొరిల్లా సూట్ వేసుకున్నవాడు హెల్మెట్ పెట్టుకుని కొండల్లో తిరుగుతుంటాడు, డైరెక్టర్‌కి బుర్ర లేదు." ఇందులో మొదటి సగం సినిమా సొమ్ము, రెండో సగం నీ సొమ్ము. నవ్వొచ్చింది మొదటి సగానికే. గొరిల్లాకి హెల్మెట్ ఎందుకు పెట్టారో నువ్వు కనుక్కుని ఉంటే రెండో సగానికి ఇంకా ఎక్కువ నవ్వొచ్చేది.

1953 నాటి సినిమా అది. నాలుగు రోజుల షూటింగ్, సుమారు 16,000 డాలర్ల ఖర్చు. దర్శకుడు ఫిల్ టక్కర్‌కి చంద్రుడి మీంచి వచ్చిన రోబో కావాలి. రోబో సూట్ చేయించే స్తోమత లేదు. అయితే జార్జ్ బారోస్ అనే నటుడికి సొంత గొరిల్లా సూట్ ఉంది, వేషాలకి దాన్ని వెంటేసుకుని తిరిగేవాడు. ఇంకేం, మెడ కింద గొరిల్లా, మెడ పైన యాంటెనాలున్న హెల్మెట్. మానవజాతిని తుడిచిపెట్టేసిన రోబో తయారు! పెళ్ళివారు వచ్చే వేళకి ఇంట్లో ఉన్నదాంతోనే వంట కానిచ్చే ఇల్లాలి తెలివి ఇది. బుర్ర లేకపోవడం కాదు, ఉన్న బుర్రంతా నాలుగు రోజుల్లో ఖర్చుపెట్టడం. ఇది తెలిశాక అదే దృశ్యం మళ్ళీ చూడు, ఇంకో నవ్వు వస్తుంది.

అదే సినిమాలో నువ్వు వదిలేసిన చోటు ఒకటుంది. ఆ గొరిల్లా రోబోకి మిగిలిన మనుషుల్లో ఒక అమ్మాయి మీద మనసవుతుంది. చంపమని పైనుంచి ఆర్డర్. అప్పుడు ఒంటరిగా నిలబడి తనలో తాను వాపోతాడు: చెయ్యలేను, కానీ చెయ్యక తప్పదు, గ్రాఫ్ మీద ఈ ‘తప్పదు’, ‘కుదరదు’ అన్నవి ఏ బిందువు దగ్గర కలుస్తాయి అని. నేను మొదటిసారి విన్నప్పుడు పొట్ట పట్టుకుని నవ్వాను. మర్నాడు ఆఫీసుకెళ్ళే బస్సులో ఆ మాటే గుర్తొచ్చి నవ్వు ఆగిపోయింది. ఇంత చవక సినిమాకి సంగీతం ఎవరిదనుకున్నావ్? ఎల్మర్ బెర్న్‌స్టీన్‌ది. మూడేళ్ళ తర్వాత ‘ది టెన్ కమాండ్‌మెంట్స్’ అనే భారీ సినిమాకి సంగీతం ఇచ్చింది ఆయనే. గొరిల్లా కొండ ఎక్కుతుంటే వెనక ఆ వాయిద్యాలు ఎంత నిష్ఠగా మోగుతాయో విను. ఇవి రెండూ నీ వ్యాసంలో లేవు. ‘చెత్త’ అన్న మాట మాత్రం ఏడుసార్లుంది, లెక్కపెట్టాను.

ఇలాంటి సినిమాల మీద వ్యాఖ్యానమే ఒక కళగా చేసినవాళ్ళ గురించి నీకు తెలిసే ఉంటుంది. 1988 నవంబరు 24న అమెరికాలోని మినియాపొలిస్‌లో కేటీఎంఏ అనే చిన్న టీవీ స్టేషన్‌లో జోయెల్ హాడ్జ్‌సన్ మొదలుపెట్టిన ‘మిస్టరీ సైన్స్ థియేటర్ 3000’ అనే షో. కథ చాలా చిన్నది. ఒక పారిశుధ్య పనివాణ్ణి పిచ్చి సైంటిస్టులు అంతరిక్షంలోకి తోసేసి, బలవంతాన చెత్త సినిమాలు చూపిస్తుంటారు. వాడు తోడుకోసం రోబోలు తయారుచేసుకుంటాడు. తెర అడుగున వరస కుర్చీల నీడలు, వాటిలో వాడూ, రెండు బొమ్మలూ నీడలుగా కూర్చుని, సినిమా నడుస్తుండగానే మాటలు విసురుతుంటారు. మన నేల టికెట్ జనంలా అన్నమాట, కాకపోతే వీళ్ళకి లేచి వెళ్ళిపోయే వీలు లేదు.

ఆ బొమ్మలు దేనితో చేశారో చూశావా? ఒక రోబో తల గోళీల చాక్లెట్లు రాలే బొమ్మ మెషీన్. ఇంకోదాని ముక్కు బౌలింగ్ ఆటలో వాడే ప్లాస్టిక్ పిన్ను. వెక్కిరించేవాళ్ళ దగ్గరా డబ్బు లేదు! గొరిల్లా సూట్‌ని ఎగతాళి చేసేది చాక్లెట్ డబ్బా. నాకు ఆ షోలో అన్నిటికన్నా నచ్చింది ఇదే. నువ్వు రాసేటప్పుడు మాత్రం ఎక్కడో మేడ మీద కూర్చుని కిందికి చూస్తూ రాశావు.

నా చిన్నప్పుడు చూసిన తోలుబొమ్మలాట గుర్తొస్తుంది నాకు. తెర వెనక దీపం, రామరావణ యుద్ధం జోరుగా సాగుతుంటుంది. మధ్యలో కేతిగాడూ, బంగారక్కా దూరిపోయి నానా మాటలూ అంటారు, అందులో కొన్ని పిల్లలు వినకూడనివి, మేం విన్నాం. రావణుడు ఏ తోలుతో చేసిందో కేతిగాడూ ఆ తోలుతో చేసిందే. ఇద్దరూ అదే తెరమీద ఆడేవాళ్ళే. మినియాపొలిస్‌వాళ్ళకి కేతిగాడు తెలిసి ఉంటాడని నేననను. నీకు తెలుసు కదా, వాడుకో.

ఇంకో సంగతి. ఆ షో మొదటి సంవత్సరం స్థానిక స్టేషన్‌లో చాలా వరకు అప్పటికప్పుడు తోచింది అనేసేవాళ్ళు. దేశమంతా చూసే ఛానల్‌కి వెళ్ళాక పద్ధతి మార్చారు. రచయితలంతా కలిసి కూర్చుని, సినిమాని ఆపుతూ, వెనక్కి తిప్పుతూ, మాటలు రాసుకున్నారు. 1993లో వాళ్ళకి పీబాడీ అవార్డు వచ్చింది, అమెరికాలో మంచి టీవీ, రేడియో కార్యక్రమాలకిచ్చే పెద్ద గౌరవం అది. అప్పటికప్పుడు నోటికొచ్చినట్టు వినిపించేదంతా కాగితం మీద పడిందే. పైగా ఆ మాట రెండు డైలాగుల సందులో పట్టాలి. డైలాగు మీద పడితే అదీ వినపడదు, ఇదీ వినపడదు. నీకు ఇంకో కష్టం కూడా ఉంది. నీ పాఠకుడి ముందు తెర లేదు. ముందు నువ్వే ఆపరేటర్‌వై సినిమా వెయ్యాలి, తర్వాత నువ్వే నేల టికెట్‌వై ఈల వెయ్యాలి. నువ్వు సినిమా వెయ్యకుండానే ఈల మొదలుపెట్టావు.

నేనూ ఈ తప్పు చేసినవాణ్ణే. ఇరవై రెండేళ్ళప్పుడు మా ఊళ్ళో పద్యనాటకం చూసి, దానిమీద హాస్యవ్యాసం రాసి ఒక వారపత్రికకి పంపాను. లంకలో ఆంజనేయుడి తోక ఊడి కిందపడింది. నాకు పండగ. చీకట్లో తల వంచుకుని, అక్కడే కాగితం మీద రెండు పేజీలు బరికేశాను. అచ్చయ్యాక గర్వంగా తిరుగుతుంటే టీకొట్టు దగ్గర ఆ ఆంజనేయుడే ఎదురయ్యాడు. కొడతాడేమో అనుకున్నా. "బాగా రాశారు బాబూ, మా ఇంట్లో అందరం చదువుకున్నాం," అన్నాడు. "కానీ ఊడిన తోక తీసి రావణుడి చేతికిచ్చి, కాస్త పట్టుకోమని పద్యం ఎత్తుకున్నాను కదా, వన్స్‌మోర్ కూడా కొట్టారు, రెండుసార్లూ ఆయన తోక పట్టుకునే నిలబడ్డాడు. అది రాయలేదేం?"

నేను చూడలేదు. తల వంచుకుని రాసుకుంటున్నాను.

నీ రెండో వ్యాసం, 1956 నాటి ‘ఇట్ కాంకర్డ్ ది వరల్డ్’ మీదది, మూడింటిలో మెరుగు. శుక్రగ్రహం నుంచి వచ్చిన ఆ జీవిని "కోపమొచ్చిన దోసకాయ" అన్నావు. అచ్చంగా అలాగే ఉంటుంది. అయితే దాని వెనక కథ ఇంకా బాగుంటుంది. దర్శకుడు రోజర్ కార్మన్ ఇంజినీరింగ్ చదివినవాడు. గురుత్వం ఎక్కువున్న గ్రహం మీద పుట్టిన జీవి నేలకి అంటుకుని పొట్టిగా ఉండాలని లెక్క వేశాడు. శుక్రుడు నిజానికి భూమికన్నా కాస్త చిన్నదేననుకో. ఇలాంటి వింత జీవుల్ని తయారుచేసే పాల్ బ్లెయిస్‌డెల్ ఆ లెక్క ప్రకారమే దాన్ని చేశాడు. సెట్‌లో హీరోయిన్ బెవర్లీ గార్లండ్ దాని పక్కన నిలబడి, కిందికి చూసి, ప్రపంచాన్ని జయించడానికి వచ్చింది నువ్వేనా అని ఎగతాళి చేసి ఒక తన్ను తన్నిందట. దెబ్బకి దాన్ని పొడుగు పెంచారు. చూశావా, నీకంటే ముందే, సెట్‌లోనే దాన్ని వెక్కిరించేశారు. సైన్స్ మీద గౌరవంతోనే నవ్వులపాలైన జీవి అది. దోసకాయ మాట అలాగే ఉంచు, ఈ కథ చేర్చు.

మూడో వ్యాసం ఎడ్ వుడ్ తీసిన ‘ప్లాన్ 9 ఫ్రమ్ అవుటర్ స్పేస్’ మీద. అది పక్కన పెట్టు. 1980లో దానికి అత్యంత చెత్త సినిమా అని బిరుదిచ్చిన దగ్గర్నుంచి లోకమంతా దానిమీదే పడింది. అందులో నటించాల్సిన డ్రాక్యులా నటుడు బేలా లుగోసి చనిపోతే, ఆయనకి బదులు ఎడ్ వుడ్ తన భార్యకి వైద్యం చేసే కైరోప్రాక్టర్‌ని (వెన్నెముక సర్దే వైద్యుణ్ణి) తెచ్చి ముఖానికి పైవస్త్రం అడ్డం పెట్టించిన కథ అందరి నోటా నానిపోయింది. నువ్వు కొత్తగా చూడగలిగిందేమైనా దొరికితే అప్పుడు రాద్దువుగాని.

అన్నట్టు, అన్ని పాత సినిమాలూ ఒక్క గాటన కట్టెయ్యకు. ఆ షోవాళ్ళే 1996లో పెద్ద తెరకి వెళ్ళినప్పుడు ‘దిస్ ఐలాండ్ ఎర్త్’ని ఎంచుకున్నారు. 1955లో యూనివర్సల్ అనే పెద్ద స్టూడియో తీసిన రంగుల సినిమా, ఖర్చు పెట్టి, శ్రద్ధగా తీసింది. దాన్ని ఇష్టపడేవాళ్ళు నొచ్చుకున్నారు, నేనూ వాళ్ళవైపే. జోకులు బాగానే పేలాయి, కానీ సినిమా చూడబుద్ధేసి జోకులు అడ్డం అనిపించింది నాకు.

భాష గురించి ఒక్క మాట. గొరిల్లాని చూడగానే మన హీరో పేరు అంటించడం, ప్రతి పేరాకీ ఒక మీమ్ డైలాగు తగిలించడం మానెయ్యి. ఆరు నెలలు పోతే ఆ మీమ్‌కి ఫుట్‌నోట్ రాయాలి.

‘రోబోట్ మాన్‌స్టర్’ వ్యాసం తిరగరాసి ఈ నెలాఖరులోగా పంపు. టెన్షన్ పడకు, పంపితే చాలు. ఈసారి టైటిల్స్ నుంచి చూడు, కాగితం పక్కన పడేసి. గుహలో రోబో దగ్గర సబ్బు బుడగలు వదిలే యంత్రం ఒకటుంటుంది. అది అక్కడ ఎందుకుందో సినిమా అంతా చూసినా అర్థం కాదు. టైటిల్స్‌లో నటులకీ, సంగీత దర్శకుడికీ వేసినట్టే ఆ బుడగల మెషీన్‌కీ పేరు వేశారు, ఏ కంపెనీదో చెప్పి మరీ. అది నీకెలా కనపడలేదో నాకు ఆశ్చర్యంగా ఉంది.

ఆశీస్సులతో,
మీ మాస్టారు